నవ్వు ముక్కలు

బొమ్మ పడడానికి ఇంకా కాసేపు పడుతుందని, ఫిల్ము బాగా పాతది కాబట్టి తొందరపడితే పెళుసుగా విరిగిపోతుందని అమ్మాయి వచ్చి చెప్పి వెళ్ళింది. పరవాలేదమ్మా, నాకేం తొందర, అన్నాడతను. ఎదురుచూడడం అతనికి కొత్తా? బతుకులో సగం పడుకుని ఎదురుచూశాడు, మిగతా సగం నిలబడి ఎదురుచూశాడు, ఇవాళ ఎవరో కూర్చోమని కుర్చీ చూపించారు, అదే పదివేలు. పట్టుమని పదిమంది కూడా పట్టని హాలు. బయట మిట్టమధ్యాహ్నం, రోడ్డు మీద ఎవరో అదేపనిగా సైకిలు బెల్లు కొడుతున్నారు. ఇక్కడ మాత్రం తలుపు మూయగానే చీకటి. గోడలకి మందపాటి గుడ్డ అతికించారు కాబోలు, తన దగ్గు తనకే ఎవరో పక్కగదిలో దగ్గినట్టు వినిపించింది. వెనక గోడలో చిన్న కన్నం, ఆ కన్నం అవతల ఆపరేటరు రేకు డబ్బా మూత ఊడదీస్తున్న చప్పుడు, మూత రాగానే ఆ వాసన. పులిసిన వాసన, కాస్త కర్పూరం కలిసిన వాసన. అది ముక్కుకు సోకేసరికి అతని ఊపిరి తనంతట తానే ఆగిపోయింది. పాత అలవాటు. ఎన్నేళ్ళయినా ఒంటికి గుర్తుంటుంది, మనసు మరిచిపోయినా. కాసేపయ్యాక గుర్తొచ్చి ఊపిరి పీల్చాడు.

అమ్మాయిది పాత సినిమాలు వెతికి భద్రపరిచే ఆఫీసులో ఉద్యోగం. మూకీల కాలం వాళ్ళెవరైనా మిగిలారా అని సినిమా హాళ్ళ చుట్టూ తిరుగుతూ అతను పనిచేసే హాలుకి కూడా వచ్చింది. మేనేజరు ఇతన్ని చూపించి, మా టార్చి తాత అప్పట్లో ఏదో స్టూడియోలో ఉండేవాడట, ఏం వెలగబెట్టేవాడో మాకూ తెలీదు, అన్నాడు. ఆ స్టూడియోలో ఫిల్ము ముక్కలు అతికించే ఆవిడ ఈమధ్యనే పోయిందట, ఆవిడ అటక మీద ఒక డబ్బా దొరికిందట. “చిత్రమైన రీలు తాతగారూ. కథేమీ లేదు. ఒకాయన చచ్చిపడి ఉంటాడు, లేచి నవ్వుతాడు. ఇంకో వేషంలో మళ్ళీ చచ్చిపడి ఉంటాడు, మళ్ళీ లేచి నవ్వుతాడు. మొదట్లో కాస్త వెలుతురుకి పెట్టి చూశాను, అంతే. ఆయనెవరో మీరేమన్నా గుర్తుపడతారేమోనని.” చూద్దాంలేమ్మా, అన్నాడు గానీ ఆయన నేనేనని చెప్పలేదు. ముందే చెప్పేస్తే మజా ఏముంది? బొమ్మ పడగానే అమ్మాయి ఇటు తిరుగుతుంది, అటు చూస్తుంది, ఇటు చూస్తుంది, అయ్యో మీరేనా అంటుంది. కాటికి కాళ్ళు చాపుకుని కూడా ఎంత యావ, అని తన్ని తనే వెక్కిరించుకున్నాడు. అయినా అతను వచ్చింది అందుకోసమేం కాదు. ఆ రీలు చివర, ఉంటే గనక, అతని భార్య ఉండాలి. ఇసకలో చచ్చిపడి ఉన్న భార్య. ఆమె కళ్ళు తెరిచి నవ్విందా లేదా. నలభై ఏళ్ళుగా అతనికి కావలసింది ఆ ఒక్క సంగతే, మిగతావన్నీ ఎటుపోయినా ఒకటే.

చచ్చిన వేషాలు అతని వృత్తి. నవ్వడానికేముంది, మాటల్లేని బొమ్మల రోజుల్లో ప్రతి కథలోనూ ఎవడో ఒకడు పోవాలి, తండ్రో, సేనాపతో, గజదొంగో. చచ్చేదాకా నటించడానికి కావలసినంత మంది దొరికేవారు, చచ్చాక నటించడం ఒక్కడివల్లా అయ్యేది కాదు. అతను నాటకాల కంపెనీలో బల్లెం పట్టుకుని నిలబడే వేషాలు వేసుకుంటూ స్టూడియోకి వచ్చిన మొదటి రోజునే, చచ్చిన సేనాపతి తుమ్మాడు. యజమాని మండిపడి, చుట్టూ చూసి, ఒరేయ్ బల్లెం, నువ్వు పడుకోరా, అన్నాడు. పడుకున్నాడు. ఆ తర్వాత ఇక ఎవరూ నిలబడనివ్వలేదు. చావు కూడా ఒక పనే, పనిలాగే చెయ్యాలి. కళ్ళు మూసేముందు ముక్కు కొస మీద చూపు నిలపాలి, లేకపోతే రెప్పల కింద గుడ్లు కదిలి పట్టిచ్చేస్తాయి. వేళ్ళు కాస్త వంకరగా వదిలెయ్యాలి, చాపితే నిద్రపోతున్నట్టుంటుంది, ముడిస్తే కోపంగా ఉన్నట్టుంటుంది. ఈగ వాలితే వాలనివ్వాలి, దానికి మాత్రం ఏం తెలుసు. అన్నిటికన్నా కష్టం ఊపిరి. ఎంతసేపు బిగబడతాడు ఎవడైనా? అక్కడే ఆమె వచ్చేది, అప్పటికింకా భార్య కాలేదు. ఆమెవి ఏడుపు వేషాలు. శవం మీద పడి ఏడవాలి. ఆమె మిగతా ఆడవాళ్ళలాగా పక్కన కూర్చుని మొహం కప్పుకునేది కాదు, సరిగ్గా అతని పొట్ట కెమెరాకి కనిపించకుండా అడ్డంపడి ఏడ్చేది. ఆమె వీపు వెనక అతను పీల్చుకునేవాడు. ఆమె వెక్కిళ్ళ లెక్కనే అతని ఊపిరి. అలా ఎన్ని బొమ్మల్లో బతికించిందో, ఒక్కరికైనా తెలిస్తేనా.

ఎలా ఏడుస్తావు నువ్వు, కంట్లో ఏమీ వేసుకోకుండానే, అని అడిగేవాడు. చెప్తే మళ్ళీ రాదండీ, అనేది. మొగుడు పోయాక పెళ్ళి చేసుకున్న మనిషి లోకంలో ఈవిడొక్కతే అని పెళ్ళిరోజున స్టూడియో అంతా పడీపడీ నవ్వింది. ఆమె కూడా నవ్వింది, నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని. పైపన్ను ఒకటి కాస్త వంకర, అది కనపడకూడదని ఆమె పట్టుదల. ఇంట్లో కూడా అంతే, వంటింట్లో ఒక్కతే నవ్వుకున్నా చెయ్యి నోటి దగ్గరికి పోయేది. ఆ చెయ్యి అతనికి ఇప్పటికీ కనిపిస్తుంది, మొహమే సరిగ్గా గుర్తురాదు. ఇది ఎవరికీ చెప్పుకునే మాట కాదు. కట్టుకున్నదాని మొహం మరిచిపోయాడంటే మనిషేనా అంటారు. చూపించడానికి ఫొటో ఒక్కటి లేదు. రోజూ బొమ్మలు తీసేచోట బతికేవాళ్ళకి ఇంకో ఫొటో ఎందుకనుకున్నారు. అన్నం వండేవాడి ఇంట్లోనే ఆకలి అన్నట్టయింది.

వెనక ఆపరేటరు ఏదో మిషను తిప్పి చూసుకున్నాడు. టకటకటక. ఆగింది. ఆ చప్పుడుకి హ్యాండిల్ బాబాయి వచ్చి ముందు నిలబడ్డట్టే అయింది. కెమెరా చేత్తో తిప్పేవాడు ఆయన, తిప్పుడు ఎక్కువ తక్కువ కాకుండా లోపల్లోపల ఒక కూనిరాగం తీసేవాడు, అందుకని అందరికీ హ్యాండిల్ బాబాయే. ఆయన పట్టుబట్టి పెట్టిన ఆచారమే ఈ నవ్వు ముక్క. అంతకుముందెప్పుడో ఒకాయన చచ్చిన వేషం వేసి, వారం తిరక్కుండా నిజంగానే పోయాడట. అప్పట్నించీ బాబాయి, చచ్చిన వేషం వేసినవాళ్ళు షాటు అవగానే పడుకున్నచోటే కళ్ళు తెరిచి, కెమెరాలోకి చూసి నవ్వాల్సిందే అనేవాడు. “పడుకోబెట్టింది మనం. లేపి పంపించాల్సింది కూడా మనమే. లేపకుండా హ్యాండిల్ ఆపితే ఆ మనిషి అందులో ఉండిపోతాడు.” యజమాని నెత్తీనోరూ కొట్టుకునేవాడు, శవాలు నవ్వడానికి నా ఫిల్ము తగలేస్తున్నారని. కానీ ఆయనకీ లోపల భయమే, వద్దని మాత్రం ఏనాడూ అనలేదు. ఆ నవ్వులు సినిమాలోకి పోవు కదా, అతికించే ఆవిడ కత్తిరించి పక్కన పెట్టేది. చెత్తబుట్టలో వెయ్యడానికి ఆవిడకీ చేతులు రాలేదన్నమాట. ఇన్నాళ్ళూ అటక మీద అన్ని నవ్వులు, ఒకదాని మీద ఒకటి చుట్టుకుని, చీకట్లో.

ఇద్దరూ కలిసి వేసిన చివరి బొమ్మలో ఓడ మునుగుతుంది. ఒడ్డుకి రెండు శవాలు కొట్టుకు రావాలి, మొగుడూ పెళ్ళాం. రెండోది గుడ్డల బొమ్మ పెడదామన్నారు. ఆమె ఒప్పుకోలేదు. “ఎప్పుడూ ఏడవడమేనా? ఈసారి నేనూ చచ్చి చూస్తా,” అంది అతనితో, మొహానికి బూడిదరంగు పూయించుకుంటూ. స్టూడియో వెనక పెరట్లో ఇసక పోయించారు, నీళ్ళు చల్లారు, పైన ఎండ ఘాటు తగ్గడానికి తెల్లగుడ్డ కట్టారు. ఇద్దరూ పక్కపక్కనే పడుకున్నారు. మబ్బు పడుతోంది, కానివ్వండి కానివ్వండి, అని యజమాని అరుపులు. బాబాయి కూనిరాగం మొదలయింది. ఆ షాటులో ఏడ్చేవాళ్ళు లేరు, శవాలు, ఒడ్డు, అంతే. అతనికి ఇప్పటికీ గుర్తు, రెప్పల మీద గుడ్డలోంచి దిగే ఎరుపు, చెవిలో ఇసక, బిగబట్టిన ఊపిరి ఎంతకీ తెమలకపోవడం. తర్వాత కళ్ళు తెరవడం, నవ్వడం. తను నవ్వాడు, అందులో అనుమానం లేదు. పైన తెల్లగుడ్డ, దాని పక్కన బాబాయి మొహం, తను పళ్ళన్నీ కనిపించేలా నవ్వడం. అప్పుడే ఫిల్ము అయిపోయిందని ఎవరో అన్నారు. అతను పక్కకి తిరిగేసరికి ఆమె అప్పటికే లేచి కూర్చుని ఉంది, ఇసక దులుపుకోవడం లేదు, అతని వంకే చూస్తోంది. నవ్వావా అని అడిగాడు. ఆమె అతని చెయ్యి పట్టుకుంది, ఇల్లు చేరేదాకా వదల్లేదు. ఆ నెలలోనే జ్వరం. మూడోనాటికి మాట పడిపోయింది. తర్వాత మనిషే పోయింది.

అప్పట్నించీ ఒకటే ప్రశ్న. మబ్బు, తొందర, చాలీచాలని ఫిల్ము. తను నవ్వాడు, బతికాడు. ఆమె నవ్వలేదేమో. బాబాయిని ఎన్నిసార్లు అడిగాడో. లేచిందిరా, నవ్వింది కూడా, అనేవాడు, అంటూ మొహం పక్కకి తిప్పుకునేవాడు. మొహం తిప్పుకుని చెప్పే మాట నిజమని ఎవడు నమ్ముతాడు? ఆ బొమ్మ ఆడినన్నాళ్ళూ హాలుకి వెళ్ళాడు. రోజూ ఆమె తెర మీద చచ్చిపడి ఉండేది, రోజూ అక్కడితో కథ మారి ఇంకో చోటికి పోయేది, ఆమె లేచేలోపు. ఇవాళైనా లేస్తుందేమోనని చూసేవాడు. పిచ్చి ముదురుతోందన్నారు. తర్వాత ఆ సినిమాలన్నీ తూకానికి పోయాయి, కరిగించి ఫిల్ములో ఉండే వెండి తీసుకున్నారట, మిగిలినదాంతో దువ్వెనలూ గాజులూ చేశారట. చాలాకాలం అతను ఏ బడ్డీలో దువ్వెన కనిపించినా చేతిలోకి తీసుకుని వెలుతురుకి పెట్టి చూసేవాడు. కొంటావా, చూస్తావా, అని కసిరేవాళ్ళు కొట్లవాళ్ళు.

ఆ తర్వాత పనీ పోయింది. మాటల సినిమాలొచ్చి నటులందరి పొట్టా కొట్టాయంటే అర్థం ఉంది, శవానికేం నష్టమంటారు? నష్టమే. మైకు ఊపిరి పట్టేసేది. అడ్డంపడి ఏడ్చే మనిషి లేకపోయాక అతని ఊపిరి అందరికీ వినపడసాగింది. శవం గురక పెడుతోందని కొత్త కుర్రాళ్ళు నవ్వారు. అలా తిరిగి తిరిగి ఈ సినిమా హాల్లో టార్చి పట్టుకున్నాడు. చీకట్లో జనం వెలుగు వెంట నడుస్తారు, వెలుగు పట్టుకున్నవాడి మొహం ఎవరు చూస్తారు. అయితే వెలుతురులో కూడా అంతే అయింది, అదే వింత. బస్సులో కండక్టరు అతన్ని దాటుకుని వెనకవాళ్ళని టికెట్ అడిగేవాడు. పిల్లనిస్తామని వచ్చినవాళ్ళు కూడా మాట మధ్యలో మరిచిపోయి లేచి వెళ్ళిపోయేవాళ్ళు. ఒకసారి ఇంటివాడు కొత్తగా అద్దెకొచ్చేవాళ్ళకి గది చూపించాడు, కిటికీ ఎటుందో, గాలి ఎంత బాగా వస్తుందో అంతా వివరంగా చెప్పాడు. అతను ఆ గదిలోనే మంచం మీద కూర్చుని ఉన్నాడు. ఎవరూ పలకరించలేదు, అతనూ దగ్గలేదు, దగ్గితే ఏమవుతుందోనని భయమేసింది. ముసలితనం, ఒంటరితనం, అందరికీ ఉండేదేలే అని సర్దిచెప్పుకున్నాడు. సర్దిచెప్పుకోక చేసేదేముంది.

“వేస్తున్నారు తాతగారూ,” అంటూ అమ్మాయి వచ్చి పక్క కుర్చీలో కూర్చుంది.

వెనక కన్నంలోంచి వెలుగు అతని భుజం మీదుగా పోయి తెర తాకింది. గీతలు, చుక్కలు, వాన. వానలోంచి సేనాపతి. ఎంత చిన్నవాడు. నున్నటి బుగ్గలు, మీసం అతికించిన చోట జిగురు మెరుస్తోంది. సేనాపతి కళ్ళు తెరిచాడు, నవ్వాడు, పోయాడు. దొంగ పడుకున్నాడు, నవ్వాడు. తండ్రి పడుకున్నాడు, తెల్లగడ్డం కింద కుర్రనవ్వు నవ్వాడు. చప్పుడు లేదు, మిషను టకటక తప్ప. చావులన్నీ కరిగి దువ్వెనలైపోయాయి, లేవడాలు మాత్రం మిగిలాయి, అనుకుంటే అతనికి నిజంగానే నవ్వొచ్చింది. అమ్మాయి కూడా కిలకిలా నవ్వుతోంది, ఎంత బావున్నాడో కదా, అంటోంది, ఒకసారి అతని వైపు తిరిగింది కూడా. అతను మొహం కాస్త పైకెత్తి, తెర వెలుగు సరిగ్గా పడేలా కూర్చున్నాడు. ఆమె చూసింది. మళ్ళీ తెర వైపు తిరిగి నవ్వుకుంది. మొహంలో పోలిక మిగల్లేదా అంత? ముక్కు ముక్కే కదా. పోనీలే, భార్య రావాలి, అది చాలు, ఆమె రావాలి, ఉంటుందా, అతికించే ఆవిడ అది కూడా దాచి ఉంటుందా. ఇంకో సేనాపతి. ఇంకో తండ్రి. అతనికి ఊపిరి ఆగింది, ఈసారి గుర్తు రాలేదు.

ఇసక.

ఇద్దరూ ఉన్నారు. ఇటు ఆమె, అటు అతను. బూడిదరంగు మొహం మీద తడి వెంట్రుకలు. ఆ నుదురు. ఆ గడ్డం. అవును, ఇలా ఉండేది, ఇలాగే ఉండేది, ఎలా మరిచిపోయాడు? లే, అన్నాడు పెదవుల్లో. లేవే. ముందు ఒక కన్ను తెరుచుకుంది, దొంగచూపు, అయిపోయిందా అని. తర్వాత రెండోది. తర్వాత ఆమె కెమెరాలోకి, సూటిగా అతని మొహంలోకి చూసి, నవ్వింది. చెయ్యి అడ్డం రాలేదు, చెయ్యి ఇసకలోనే ఉంది. వంకర పన్ను ఇంతలా మెరిసింది. నవ్వింది. బాబాయి అబద్ధం చెప్పలేదు. నలభై ఏళ్ళ నిద్ర ఒక్కసారి ఒంట్లోకి దిగినట్టయింది, కళ్ళు నిండిపోయాయి, నిండిన కళ్ళతోనే చూశాడు కాబట్టి అది వెంటనే కనిపించలేదు. ఆమె పక్కన పడుకున్నవాడు ఇంకా లేవలేదు. లేస్తాడులే, ఇప్పుడు లేస్తాడు, తనకి బాగా గుర్తు. తెల్లగుడ్డ, బాబాయి మొహం, పళ్ళన్నీ కనిపించేలా. లేవలేదు. వేళ్ళు కాస్త వంకరగా, రెప్పల కింద గుడ్లు కదలకుండా, పొట్ట కదలకుండా. ఎంత బాగా చచ్చాడు. ఆమె పక్కకి తిరిగింది. నవ్వు ఇంకా పెదవుల మీద ఉంది, వాణ్ణి చూస్తూ చూస్తూ ఉండగా పోయింది. మూకీలవాళ్ళకి పెదవులు చదవడం ఎవరూ నేర్పక్కర్లేదు. ఏమండీ, అంది. భుజం పట్టి కదిపింది. తల కదిలి వెనక్కి వచ్చేసింది. ఏమండీ. లేవండి. బాబాయి వైపు తిరిగి చూసింది, అంటే తెర ముందున్న ఇతని వైపు కూడా, అంత భయం ఏ ఏడుపు వేషంలోనూ చూడలేదు అతను. వాడి ఛాతీ మీద చెవి పెట్టింది. తెర తెల్లబడిపోయింది.

ఫిల్ము తోక చక్రానికి కొట్టుకుంటూ కాసేపు తిరిగింది. మరి తను నవ్విందెప్పుడు? నవ్వాడు, ఒట్టు. హ్యాండిల్ ఆగాక నవ్వాడు. ఎవరూ తిప్పని కెమెరాలోకి, గుడ్డి గాజులోకి పళ్ళన్నీ కనిపించేలా నవ్వాడు. బాబాయి మొహం తిప్పుకున్నది ఆమె గురించి అడిగినందుకు కాదన్నమాట, అడుగుతున్నవాణ్ణి చూడలేక. ఆ తర్వాత ఎప్పుడు కలిసినా బాబాయి పలకరించేముందు అతని చెయ్యి తాకి చూసేవాడు, ఒకసారి కాదు, ప్రతిసారీ. అతికించే ఆవిడ ఎదురుపడితే తల వంచుకుని అవతలి గోడ వెంబడి పోయేది. ఆరోజు భార్య ఇల్లు చేరేదాకా చెయ్యి వదల్లేదు. అందరికీ తెలుసు. అతనికి తప్ప.

లైటు వెలిగింది. అమ్మాయి కళ్ళు తుడుచుకుని, కుర్చీ ఇటు జరుపుకుని, నిండు వెలుతురులో అతని మొహంలోకి చూస్తూ కూర్చుంది. ఇప్పటిదాకా అదే మొహం పదేపదే లేచి తనకేసి నవ్విందని ఆమెకి తెలిసినట్టే లేదు. అతను ఆ చూపు కింద కదలకుండా ఉన్నాడు.

“ఆ నవ్వినావిడ ఎవరండీ?” అంది.

“వాళ్ళావిడ.”

“మరి ఆయన ఏమయ్యారు తాతగారూ? ఆ తర్వాత వచ్చిన సినిమాల్లో ఎంత వెతికినా ఆ మొహం ఎక్కడా కనిపించలేదు.”

నేనేనమ్మా అనడానికి నోరు తెరిచాడు. మాట గొంతు దాకా వచ్చింది, అక్కడ దానికి ఊపిరి దొరకలేదు. దాని బదులు వేరే మాట వచ్చింది, తనదా అని తనే విన్నాడు.

“ఆయన ఆ తర్వాత లేవలేదమ్మా.”